ముందు దీపం, తర్వాత మనిషి

మా ఊరికి పడమటి దిక్కున పాతర్ల దిబ్బ ఉంది. చీకటి పడ్డాక ఆ వైపు ఎవరూ పోరు. బనగానపల్లె నుంచి వచ్చే ఆటోవాళ్ళు కూడా దిబ్బ పక్కనున్న అడ్డదారి వదిలేసి, చుట్టు తిరిగి పెద్దరోడ్డు మీదుగానే వస్తారు. ఎందుకప్పా అంటే దారి బాగాలేదంటారు. అసలు సంగతి మాత్రం చెప్పరు.

పాతర అంటే ఈ కాలం పిల్లలకు తెలియదు. జొన్నలు దాచుకునే గొయ్యి. మూతి ఒక మనిషి దూరేంత ఉంటుంది, లోపల కడుపు వెడల్పు, రెండు నిలువుల లోతు. దిగి ఎక్కడానికి గోడకు కాలు పెట్టే గుంతలు, పైన నాపరాయి మూత. గింజ ఏళ్ళ తరబడి నిలవుండేది గానీ, మూసిన పాతరలో గాలి చెడిపోతుంది. అందుకని మా పెద్దలు ఒక కట్టుబాటు పెట్టుకున్నారు — ముందు దీపం, తర్వాత మనిషి. లాంతరును తాడుకు కట్టి దింపాలి. అడుగు దాకా వెలుగుతూ పోతే దిగొచ్చు. ఆరిపోతే ఆ పూటకు ఇంటికి పోవాలి.

నేను ఈ ఊరికి కాపురానికొచ్చిన ఏడాది మహానంది అనే రైతు దీపం దింపకుండా దిగాడు. ఎంతసేపటికీ పలకకపోతే ఏమైందోనని తమ్ముడు దిగాడు. ఇద్దరినీ కొక్కేలు వేసి పైకి లాగారు. అప్పటి నుంచి దిబ్బ మీద పాతర్లను అట్లాగే వదిలేశారు. అన్నదమ్ములు రాత్రిళ్ళు కేకలేస్తారని చెప్పుకునేవాళ్ళు. బతికున్నప్పుడే పలకని ఊరు చచ్చాక పలుకుతుందని వాళ్ళెందుకు అనుకుంటారే, అని నేను నవ్వేదాన్ని.

కానీ పోయిన ఏడాది నుంచి కొత్తది మొదలైంది.

దిబ్బ మీద ఒక దీపం కనిపించేది... పచ్చగా, చిన్నగా. నడుస్తున్నట్టు వచ్చేది. ఒకచోట ఆగేది. మెల్లగా భూమిలోకి దిగిపోయేది. కాసేపటికి భూమిలోంచి ఆడగొంతు... రెండు పేర్లు పిలిచేది. అవి మన ఊళ్ళో పెట్టుకునే పేర్లు కావు. బర్రెను వెతుక్కుంటూ పోయిన ఈరక్క ఆ గొంతు విని వారం రోజులు జ్వరంతో లేవలేదు. కొరివిదెయ్యం అని తేల్చేశారు. దిబ్బ చుట్టూ నిమ్మకాయలు కోసి పడేశారు.

ఇక మా జయకుమార్ సంగతి. మా చెల్లెలి కొడుకు. పత్తికీ మిరపకూ డ్రోన్‌తో మందు కొడతాడు. అది ఆరు రెక్కలది, మంచమంత ఉంటుంది. దాని కింద గాలికి మిరపచెట్లు నేలకు వంగిపోతాయి, సద్దుకు కుక్కలు ఊరొదిలి పారిపోతాయి. పెళ్ళిళ్ళ కాలం వస్తే మందు డబ్బా ఊడదీసి, పూలపెట్టె తగిలించి, పెళ్ళికూతురు నెత్తిన పూలు చల్లుతాడు. మందు కొట్టేదాంతో పూలేమిట్రా అంటే, కాపురానికి చీడ పట్టదులే పెద్దమ్మా అంటాడు. వాడి నోటికి అడ్డూ ఆపూ లేదు.

ఆ రోజు కాంట్రాక్టరు శివశంకర్ కూతురి పెళ్ళి. ఊరంతా షామియానాలు, కరెంటు తీగలు. డ్రోన్ లేవాలంటే ఖాళీ జాగా కావాలి. ఉన్న ఖాళీ జాగా పాతర్ల దిబ్బ ఒక్కటే. వద్దురా, అక్కడ మంచిది కాదు అని వాళ్ళమ్మ బతిమాలింది. దెయ్యానికి కూడా నాలుగు పూలు చల్లొస్తాలే అని పోయాడు. ఆ మాట తలుచుకుని ఇప్పటికీ బాధపడతాడు. ఇక్కడి నుంచి వాడు నాకు చెప్పింది చెప్పినట్టు చెబుతున్నా.

పూలు చల్లడం సగమే అయింది. ముందు రోజు వానకు బంతిపూలు తడిసి ముద్దయ్యాయి, సగం పెట్టెలోనే ఇరుక్కుపోయాయి. పెళ్ళివాళ్ళతో తిట్లు తినేలోపే డ్రోన్‌ను వెనక్కి తెచ్చి దిబ్బ మీద దించుతున్నాడు.

అప్పుడు కనిపించింది... వెలుగు.

దిబ్బ అవతలి అంచున ఉంది. నడవడం లేదు... పరిగెత్తుతోంది. ఒకచోట ఆగింది. నేలలోకి దిగిపోయింది.

డ్రోన్ నేలను తాకి రెక్కలు ఆగాయి. సద్దు అణిగాక — భూమిలోంచి గుసగుస.

"రీమా... సామీ... ఈడికి రాండి. నా పక్కన కూసోండి..."

కొంచెం ఆగి, అదే గొంతు.

"నబీసా... ఏడవద్దు. సద్దు చేస్తే మన మీద వేస్తారు."

రాయి జరిగిన చప్పుడు. వెలుగు మాయమైంది.

నబీసా ఎవరో వాడికి తెలుసు. వంట మేస్త్రీ ఇమాం బాషా మనవరాలు, ఏడేళ్ళ పిల్ల. సాయంత్రం వాడు పెట్టెలో పూలు నింపుతుంటే చుట్టూ తిరిగి, ఒక బంతిపువ్వు అడిగి జడలో పెట్టించుకుని పోయింది. దెయ్యం ఆ పిల్లను భూమిలోకి లాక్కుపోయింది — వాడికి తోచింది అంతే. దగ్గరికి పోయే ధైర్యం చాలక పెళ్ళి పందిరి వైపు పరిగెత్తాడు.

ఇమాం బాషా దేగిసాల మధ్య నిలబడి అన్నం పదును చూస్తున్నాడు. జయకుమార్ ఆయన చెవిలో విషయం చెప్పాడు. ముసలాయన అరవలేదు. దెయ్యమా అని అడగలేదు. ఒక్కటే అడిగాడు.

"వెలుగు పచ్చగా ఉండెనా... తెల్లగా ఉండెనా?"

"తెల్లగా, మామా."

"బాగా చూసినావా?"

"చూసినా. శానా తెల్లగా ఉండె."

ముసలాయన గరిటె పక్కవాడికిచ్చి, షామియానాకు కట్టగా మిగిలిన తాడు భుజాన వేసుకుని చీకట్లోకి పరుగు తీశాడు. మావాడు వెంటపడ్డాడు. దారిలోనే ఆయన ఇల్లు. తలుపు బార్లా తీసి ఉంది. గుంజకు లాంతరు వేలాడుతోంది. దాన్ని చూసి ఆయన గోడ పట్టుకున్నాడు.

"దీపం ఈడనే ఇడిసిపెట్టింది," అన్నాడు. "ఫోను లైటుతో దిగింది, జయా. గాలి ఉన్నా లేకున్నా ఫోను వెలుగుతానే ఉంటాది. దానికేం తెలుస్తాది?"

అప్పటికి గానీ మావాడికి అర్థం కాలేదు. పాతర్ల దిబ్బ మీద దెయ్యం ఈయన కూతురే, నబీసా తల్లి. ఫిరోజా.

ఫిరోజా పరాయి దేశంలో పనికి పోయి తిరిగొచ్చిందని ఊరికి తెలుసు. ఒంట్లో బాగాలేదని, గడప దాటదని తెలుసు. అంతకు మించి ఎవరూ ఆరా తీయలేదు. లాంతరు చేతపట్టుకుని దిబ్బ వైపు పరిగెత్తుతూ, ఎగశ్వాసలోనే ముసలాయన మిగతాది చెప్పాడు. కువైట్ అని చెప్పిన ఏజెంటు ఆమెను బీరూట్‌లో దించాడు. అక్కడ ఒక ఇంట్లో ఇద్దరు పిల్లలను చూసుకునే పని. రీమాకు ఐదేళ్ళు, సామీ చంటివాడు. ఇక్కడ నబీసాను వదిలి పోయిన దుఃఖమంతా ఆ ఇద్దరిని సాకడంలో మరిచిపోయేది.

అంతలో యుద్ధం వచ్చిపడింది. పగలూ రాత్రీ ఇళ్ళ మీద డ్రోన్ తిరుగుతూనే ఉండేది. అది అట్లా గీపెడుతూ తిరిగి తిరిగి, ఎవరి ఇంటి మీదికి విమానాలను పిలుస్తుందో తెలిసేది కాదు. సద్దు దగ్గరైనప్పుడల్లా ఫిరోజా పిల్లలను భవనం అడుగునున్న నేలమాళిగలోకి దించేది. ఒక రాత్రి సామీ పాలకు ఏడ్చాడు. ఇద్దరినీ అక్కడే కూర్చోబెట్టి, పాలసీసా కోసం పైకి పోయింది. ఆమె మెట్ల మీద ఉండగానే బాంబు పడింది. ఆమెను రాళ్ళ కింద నుంచి తీశారు. నేలమాళిగ దాకా ఎవరూ తవ్వలేకపోయారు.

ఇంటికొచ్చాక ఆమెకు నేల మీద నిద్ర పట్టలేదు. రాత్రయితే లాంతరు పట్టుకుని పాతరకు పోయేది. లోపల కూర్చుని ఆ పిల్లలను పిలిచేది. వాళ్ళు నిద్రపోయారని అనిపించాక తిరిగొచ్చేది. ఎంత చెప్పినా మానకపోయేసరికి, కనీసం దీపం దింపడం నేర్పించాడు ఇమాం బాషా. ఆరిపోతే దిగనని నబీసా తల మీద ఒట్టు వేయించుకున్నాడు. ఒక్కనాడూ ఆమె ఒట్టు తప్పలేదు.

"ఊర్లో దెయ్యమంటాండారని తెలుసు. అననీలే అనుకున్నా," అన్నాడు ముసలాయన. "దెయ్యమంటే ఎడంగా ఉంటారు, జయా. పిచ్చిదంటే దగ్గరికొచ్చి రాళ్ళేస్తారు. దాని అత్తగారోళ్ళు బిడ్డను గూడా లాక్కోని పోతారు."

ఆ రాత్రి మాత్రం ఊరి మీద డ్రోన్ తిరిగింది. ఇంక లాంతరు వెలిగించే తీరిక ఎక్కడిది... పందిట్లో ఆడుకుంటున్న నబీసాను ఫిరోజా చంకనేసుకుని పరిగెత్తింది. ఆ సద్దు చేసింది తానేనని మావాడికి అప్పుడు తెలిసింది.

పాతర మూతిని నాపరాయి ముప్పాతిక దాకా కప్పేసి ఉంది. ఇద్దరూ కలిసి పక్కకు లాగారు. లోపల చీకటి, దాక్కోవడానికి ఫోను ఆర్పేసుకున్నట్టుంది. కుళ్ళిన పొట్టు వాసన.

"ఫిరోజా... నేనే, నాయనను."

పలుకు లేదు.

"నబీసా..."

పలుకు లేదు.

ముసలాయన లాంతరు వెలిగించి, తాడుకు కట్టి దింపాడు. తాడును జానెడు జానెడుగానే వదిలాడు. దీపం ఒక నిలువు దిగింది... మంట సన్నబడింది... ఆరిపోయింది.

జయకుమార్ చొక్కా విప్పి దూకబోయాడు. ముసలాయన వాడి జుట్టు పట్టుకుని వెనక్కి లాగాడు. మహానంది తమ్ముడు కూడా ఇట్లే దూకినాడని తిట్టాడు. ముందు లోపలికి గాలి పోవాలి. వెనకటికి వేపమండలు తాడుకు కట్టి పైకీ కిందికీ ఊపేవాళ్ళట. మండలు కోసి, కట్టి, ఊపేంత సమయం లోపల ఉన్నవాళ్ళకు లేదు.

వాడి చూపు డ్రోన్ మీద పడింది. ముసలాయన చూపూ దాని మీదే ఉంది.

"ఆ సద్దుకే గదప్పా అది లోపలికి దూరింది," అన్నాడాయన. "మళ్ళీ అదే సద్దా... నా బిడ్డ గుండె ఆగిపోతాది."

"సద్దు చంపదు మామా. లోపలి గాలి చంపుతాది."

ఆయన కళ్ళు మూసుకుని తలూపాడు.

డ్రోన్ లేచింది. సరిగ్గా పాతర మూతి మీద, నడుమెత్తున నిలబెట్టాడు. బ్యాటరీ గుర్తు అప్పటికే ఎర్రబడింది. ఆరు రెక్కల గాలి గొయ్యిలోకి దూసుకుపోయింది. పెట్టెలో ఇరుక్కున్న బంతిపూలు ఊడి ముద్దలు ముద్దలుగా లోపలికి పడ్డాయి. అప్పుడు... అరుపు. పాతర అడుగు నుంచి ఆడమనిషి అరుపు. అట్లాంటిది జన్మలో వినలేదన్నాడు మావాడు. రిమోటు విసిరికొట్టి పారిపోవాలనిపించిందట. ముసలాయన మాత్రం నేల మీద బోర్లాపడి, మట్టికి చెవి ఆనించి ఏడుస్తున్నాడు.

"అరుస్తాండాది... బతికే ఉండాది... ఇంగ రవ్వంతసేపు, జయా. ఇంగ రవ్వంతసేపు..."

బ్యాటరీ అడుగంటేదాకా వాడు ఆపలేదు. ఆపైన డ్రోన్ పక్కకు ఒరిగి పడిపోయింది. మళ్ళీ లాంతరు వెలిగించి దింపారు. ఈసారి దీపం వెలుగుతూనే అడుగు దాకా పోయింది.

అడుగున ఫిరోజా నిలబడి ఉంది. నబీసాను రెండు చేతులతో తన తలపైకి ఎత్తి పట్టుకుంది. చెడ్డగాలి కిందనే పేరుకుంటుందని తండ్రి చెప్పింది మరిచిపోలేదు. పిల్ల తల వాలిపోయి ఉంది గానీ, దగ్గుతోంది. ఇద్దరి ఒంటి నిండా బంతిపూలు.

తాడు వదిలారు. ఫిరోజా పిల్ల నడుముకు ముడి వేసింది. జయకుమార్ లాగాడు. నబీసా పైకొచ్చి, గాలి పీల్చి, గట్టిగా ఏడ్చింది. ఆ ఏడుపు విని నాకు ప్రాణం లేచొచ్చింది పెద్దమ్మా అన్నాడు. ముసలాయన పిల్లను ఒళ్ళోకి లాక్కుని, ఇంక నువ్వు రా తల్లీ అని కూతుర్ని పిలిచాడు.

కింది నుంచి మాట వచ్చింది. అరుపు కాదు, ఏడుపు కాదు. ఇంట్లో పని చెప్పినంత మామూలుగా ఉంది.

"నేను రాను నాయనా. ఇంగా ఇద్దరుండారు. ముందు వాళ్ళను తీయండి. ఈ తూరి వాళ్ళను ఇడిసిపెట్టి పైకి రాను."

లాంతరు వెలుగులో అడుగంతా కనిపిస్తోంది. ఆమె పక్కన ఎవరూ లేరు. ఆమె గోడకు ఒరిగి జారిపోతోంది. డ్రోన్ ఇంక లేవదు, గాలి మళ్ళీ చెడితే చేసేదేమీ లేదు. జయకుమార్ ముసలాయన వైపు చూశాడు.

"లాగు," అన్నాడాయన మెల్లగా. "వాళ్ళనూ లాగు."

తాడు దిగింది. ఫిరోజా వంగి, లేని నడుము చుట్టూ దాన్ని చుట్టి, నొప్పి పుట్టకుండా ముడి వేసింది. గట్టిగా పట్టుకో రీమా అంది. జయకుమార్ లాగాడు. ఖాళీ ముడి పైకొచ్చింది. ముసలాయన రెండు చేతులూ చాచి దాన్ని అందుకుని, పిల్లను దించినట్టే నేల మీద దించాడు. రీమా వచ్చింది తల్లీ అని లోపలికి చెప్పాడు. తాడు మళ్ళీ దిగింది. ఈసారి ఆమె ఎక్కువసేపు తీసుకుంది. చంటివాడు కదా. మళ్ళీ లాగాడు. సామీ కూడా వచ్చినాడు తల్లీ, ఇద్దరూ ఈడనే ఉండారు, అన్నాడు ముసలాయన.

మూడోసారి ఫిరోజా తాడును తన నడుముకు కట్టుకుంది.

ఇది జరిగి నాలుగు నెలలవుతోంది. ఆమె తండ్రితో కలిసి కర్నూలు ఆస్పత్రికి పోయి వస్తోంది. నబీసా పక్కన మంచం మీద పడుకుంటోంది. దిబ్బ మీద పాతర్లన్నీ పూడ్పించేశారు. దీపం మళ్ళీ కనిపించలేదు. జయకుమార్ పెళ్ళిళ్ళకు డ్రోన్ ఎగరేయడం మానుకున్నాడు, ఊరి మీదుగా అసలు పోనివ్వడు.

చూశావా, దెయ్యం లేదు గియ్యం లేదు, ఆ తల్లి పడిన బాధ తప్ప అక్కడేమీ లేదు అన్నాను నేను. వాడు నవ్వుతాడనుకున్నా. నవ్వలేదు. అరచేతులు విప్పి చూసుకున్నాడు. తాడు ఒరుసుకుపోయిన గీతల మచ్చలు ఇంకా పోలేదు.

"ఒక మాట ఎవరికీ చెప్పలేదు, పెద్దమ్మా," అన్నాడు. "రీమాను లాగినప్పుడు తాడు ఊరికే వచ్చేసింది. రెండోతూరి... సామీని లాగేటప్పుడు..."

తాడు పట్టుకున్నట్టు పిడికిళ్ళు బిగించాడు.

"బరువుండె, పెద్దమ్మా... పాలు తాగే పిల్లోడంత."