ఎదురు పార

ఇందులో ఒక్క ముక్క కల్పితం ఉన్నా ఈ ఎడారి ఇసుకంతా నా నోట్లో పడుగాక. ఇప్పటికే సగం పడింది, అది వేరే సంగతి. నిజం చెప్పడంలో నన్ను మించిన ఆడది ఈ రైలుపట్టా పొడవునా లేదు. ఏడువందల కిలోమీటర్లకీ కలిపి ఆడవాళ్లం పదకొండుమందిమే అనుకో, అయినా సరే.

బండి ఎలాగూ ఇప్పట్లో రాదు. నిన్న రావలసింది. కూర్చో నాయనా, చెబుతాను.

నూట తొంభయ్యో కిలోమీటరు దగ్గర పట్టా పక్కన ఒక కాపలా గుడిసె ఉంటుంది. ఆ చోటుకు చెడ్డపేరు. డ్రైవర్లు అక్కడికి రాగానే మాటలు ఆపేస్తారు. రెట్టింపు జీతమిస్తామన్నా కూలీలు రారు. చీకటి పడ్డాక అక్కడ పార చప్పుడు వినిపిస్తుంది. చర్... చర్... ఎవరో ఇసుక తోడుతున్నట్టు. చూస్తే మనిషి ఉండడు.

ఆ పార బేరూక్‌ది అంటారు. ఆరేళ్ల కిందట పెద్ద దుమారంలో పట్టా మీద ఇసుక తోడుతూ పోయాడు. మూడు రోజులకు దొరికాడు— నిలబడే ఉన్నాడట, చేతిలో పార, మెడదాకా ఇసుక. చూసినవాళ్లు కూర్చుని ఉన్నాడన్నారు. నిలబడ్డాడంటేనే బావుంటుంది.

ఆ గుడిసెలో ఉండేది యెస్లెమ్. బేరూక్‌కు జోడీ. దిబ్బ నడిచొచ్చి పట్టా ఎక్కితే ఒక్కడు తియ్యలేడు నాయనా. ఒక పక్క తోడుతుంటే రెండో పక్కనుంచి జారి గుంట నిండిపోతుంది. అందుకని పట్టాకు ఇటొకడు, అటొకడు. ఒకడి పార లేచినప్పుడు ఇంకొకడిది దిగాలి. అవతలివాణ్ణి ఎదురు పార అంటారు. బేరూక్ పోయాక ఎదురు పారలుగా తొమ్మండుగురు వచ్చారు. ఒక్కడూ నెల నిలవలేదు. ఆఖరివాడు పారిపోతూ చెప్పులు కూడా వదిలేశాడు.

పోయిన చలికాలం, వాడు పారిపోయిన మర్నాడే గాలి లేచింది. ఎలాంటి గాలి! మా ఒంటె మూపురం ఒక పక్కకు ఒరిగింది, ఇప్పటికీ సరికాలేదు. నాలుగో రోజుకు దిబ్బ పట్టా మీదికెక్కి కూర్చుంది. మనిషెత్తు.

రేడియోలో బ్యాటరీ చచ్చిపోయింది. మర్నాడు తెల్లవారుజామున, రేవులో ఇనుపరాయి దింపేసిన ఖాళీ బండి గనికి తిరిగొస్తుంది. రెండున్నర కిలోమీటర్ల బండి, ఇసుకలో దూరిందంటే పెట్టెమీద పెట్టె ఎక్కుతుంది. లాంతరు చూపిద్దామంటే ఆ దుమ్ములో తన చెయ్యి తనకే కనబడదు.

ఆ ఖాళీ పెట్టెల్లో ఒకదాంట్లో యెస్లెమ్ కూతురు మెయ్యె కూర్చుని ఉంది. ఒళ్లో నలభై రోజుల బిడ్డ. తాతకు చూపించడానికి తెస్తోంది.

యెస్లెమ్ ఒక్కడే తోడాడు. పొద్దున మొదలుపెట్టాడు. తోడినంతా జారింది. మళ్లీ తోడాడు. మళ్లీ జారింది. పొద్దుగూకేసరికి అతనికి చేతులున్న సంగతి కూడా తెలియడం లేదు. గుక్కెడు నీళ్లు తాగుదామని గుడిసెలోకి వెళ్లాడు. కాసేపు కాళ్లు చాపాడు...

అంతే.

ఎప్పుడు మెలకువ వచ్చిందో తెలియదు. అంతటా చీకటి. ఒళ్లు కదలడం లేదు. బయట—

చర్... చర్...

కల అనుకున్నాడు. చెవులు మూసుకున్నాడు. తీశాడు.

చర్...

పాకుతూ తలుపు సందులోంచి చూశాడు. దుమ్ము పలచబడినప్పుడల్లా మసక వెన్నెల్లో దిబ్బ పక్కన తెల్లటి ఆకారం. తలా మొహమూ కప్పుకుని ఉంది. వంగుతోంది... లేస్తోంది... వంగుతోంది. ఇసుక ఎగిరి గాలిలో కలుస్తోంది.

చివరికి గుసగుసగా, "బేరూక్... నువ్వేనా?" అన్నాడు.

ఆకారం ఆగింది. మెల్లగా ఇటు తిరిగింది.

"పడుకో," అంది.

యెస్లెమ్ ఇంకేం చూడలేదు. దుప్పటి నెత్తిమీదికి లాక్కుని, తనకు తెలిసిన ప్రార్థనలన్నీ తెలిసినంతవరకూ చదివాడు. సగంలో మళ్లీ నిద్ర పట్టేసింది. భయం కంటే అలసట పెద్దది నాయనా, మీ వయసులో తెలియదు.

కూత వినబడి లేచాడు. పట్టాలు రెండూ నాకినట్టు మెరుస్తున్నాయి. బండి వెళ్లింది, ఒక్కో పెట్టే దడదడలాడుతూ. నలభయ్యో పెట్టెలో మెయ్యె లేచి నిలబడి, బిడ్డను రెండు చేతులతో పైకెత్తి చూపించింది. యెస్లెమ్ పట్టా పక్కన కూలబడి ఏడ్చాడు.

ఈ కథ రేవునుంచి గనిదాకా అందరూ చెప్పుకుంటారు. బేరూక్ వచ్చి కాపాడాడని.

అబద్ధం.

ఆ ఆకారం నేనే.

ఏం, అలా చూస్తావేం? అప్పట్లో మా గుడారం అక్కడికి నాలుగు కిలోమీటర్లు. ఆ రాత్రి తోలుతిత్తి పట్టుకుని గుడిసె దగ్గరికి నీళ్లకోసం వచ్చాను. చూద్దును కదా, దిబ్బ పట్టా మీద, యెస్లెమ్ గుడిసెలో శవంలా. నాలుగుసార్లు తట్టాను, గురక తప్ప ఉలుకూ పలుకూ లేదు. గుడిసెలో తాడుమీద అతని తెల్ల అంగీ వేలాడుతుంటే ఇసుక తగలకుండా తొడుక్కున్నాను, అతని తలపాగా మొహానికి చుట్టుకున్నాను. పార అక్కడే పడి ఉంది. ఆ పెద్దమనిషి తన బట్టల్ని చూసి తనే జడుసుకున్నాడు!

"పడుకో" అన్నదీ నేనే. లేచి ఇంకో పది పారలు ఎత్తాడంటే మెయ్యెకు తండ్రి మిగలడు.

నవ్వు, నవ్వు. నేనూ నవ్వాను. తెల్లారి నేను ఆ అంగీ విప్పేశాక అతను వచ్చి, "పెద్దమ్మా, రాత్రి బేరూక్ వచ్చాడు," అంటుంటే మూతి బిగబట్టుకుని విన్నాను.

"ఏమన్నాడు?"

"పడుకోమన్నాడు."

"నీమీద జాలి కలిగుంటుందిలే. నువ్వు బయటికొచ్చి ఒక చెయ్యి వేశావా మరి?"

"నేనా? గుమ్మం దాటితే ఒట్టు."

అప్పుడు... నాకు నవ్వు పోయింది.

నేను తోడింది గుడిసె వైపు మాత్రమే నాయనా.

మొదట్లో నాక్కూడా జారుతూనే ఉంది, తోడినంతా గుంటలోకే. ఇక లాభం లేదు, పార పారేద్దామనుకున్నాను. అంతలో అవతల మొదలైంది. నాది లేచినప్పుడు అది దిగేది. అది లేచినప్పుడు నాది దిగేది. ఇసుక జారడం ఆగింది. పడుకోమన్నా వినక యెస్లెమ్ లేచి అవతలికి చేరాడనుకున్నాను. "ఇప్పుడు తెల్లారిందా నీకు, సోమరిపోతా!" అని తిట్టాను కూడా. పలకలేదు. సిగ్గుపడుతున్నాడనుకున్నాను.

దిబ్బ నడుమెత్తుకు దిగింది, చివరికి పట్టాలు బయటపడ్డాయి; ఆ చీకట్లో, దుమ్ములో అవతలివాడు మాత్రం కనబడలేదు. కూత వినబడింది. అవతలి చప్పుడు ఆగిపోయింది. తలెత్తి చూశాను...

ఎవరూ లేరు. పారిపోయినవాడి పార గుడిసె వెనక ఆనించి ఉండాల్సింది, అవతల ఇసుకలో నిటారుగా గుచ్చి ఉంది. వెళ్లి పిడి ముట్టుకున్నాను. తడి. చెమట తడి.

ఎవరికీ చెప్పలేదు. చెబితే యెస్లెమ్ కూడా పోతాడు, ఆ చోటికి మరొకడు రాడు. మనుషులు లేని దేశం ఇది. ఎవరు నువ్వు అని అడిగి ఒక తోడు చెయ్యి పోగొట్టుకునేంత మంది మనకెక్కడున్నారు? పాపం, బేరూక్ కూడా అలిసిపోయాడు. చచ్చాక కూడా సెలవు దొరకలేదు.

నాకు ఆ రాత్రి పట్టిన నడుము ఇప్పటికీ విడవలేదు. అందుకే మా వాడు తెచ్చి ఈ స్టేషను దగ్గర పడేశాడు.

నేల అదురుతోంది చూడు, బండే. లే. ఇవిగో రెండు మూటలు. ఎండుమాంసం, టీ ఆకు, పంచదార. నూట తొంభై దగ్గర బండి ఆగదు, నెమ్మదిస్తుంది. ఎడమపక్క గుడిసె ముందు యెస్లెమ్ నిలబడి ఉంటాడు. ఒకటి అతనికి విసురు.

రెండోది... కుడిపక్కకు. అక్కడ ఎవరూ కనబడరు. చూడకు, పిలవకు. కాస్త దూరంగా మాత్రం విసురు నాయనా— పట్టా మీద పడిందంటే మళ్లీ వాళ్లిద్దరే తియ్యాలి.