ఆల్విన్ పెదవులు

కాఫీ అన్న పేరే గానీ అది మాడ్చిన చికోరీ కషాయం. మొదటి ప్రపంచ యుద్ధం ముగిసి ఏడాదైనా బెర్లిన్‌లో అసలు కాఫీ గింజలు దొరకడం గగనమే. ఒట్టీలియా బల్ల మీద నాలుగు కప్పులు పెట్టింది. ఆ రోజు కొడుకు యోఖెన్ పుట్టినరోజు. భర్త ఆల్విన్ వచ్చి, కొడుకు కప్పు తీసి అలమరలో పెట్టేశాడు.

ఆమెకు ఒళ్ళు మండిపోయింది.

"వాడు యుద్ధంలో పోయి మూడేళ్ళయింది. ఒక్కసారైనా వాడి పేరెత్తారా మీరు?"

పెళ్ళయిన కొత్తలో వచ్చిన జ్వరానికి ఆమె వినికిడి పోయింది. ఎదుటివాళ్ళ పెదవులు చూసి మాట గ్రహిస్తుంది. జవాబివ్వడం ఇష్టం లేకపోతే ఆల్విన్ మొహం తిప్పేసుకుంటాడు. ఆ రోజూ అదే చేశాడు.

"తిప్పుకోండి! ముసలి తండ్రి వేషమంటే మీదేగా. సినిమాల్లో ఊరందరి బిడ్డల కోసం ఏడుస్తారు, కన్నకొడుక్కి మాత్రం ఒక్క చుక్క రాల్చరు. రేపే మా అక్క దగ్గరికి వెళ్ళిపోతాను. మళ్ళీ ఈ గడప తొక్కను."

ఆల్విన్ టోపీ పెట్టుకుని షూటింగుకి వెళ్ళిపోయాడు. నాటకాల్లో ఇరవై ఏళ్ళు నలిగి, ఇప్పుడు కాపలావాళ్ళూ తాగుబోతులూ ముసలి తండ్రులూ వేసే మనిషి. పోస్టరు మీద పేరుండదు, మొహం మాత్రం అందరికీ తెలుసు.

మధ్యాహ్నం కూతురు గెర్డా తల్లిని సినిమాకి లాక్కెళ్ళింది.

"వెళ్ళేముందు నాన్న కొత్త సినిమా ఒక్కటి చూడమ్మా. హాలు హాలంతా ఏడుస్తోందట."

"ఏడవనీ. ఆయనకది విద్య."

కొడుకు పోయాక భర్త సినిమా ఒక్కటీ చూడలేదు ఆమె.

తెర మీద ఆల్విన్, ఉరితీసిన కొడుకు చొక్కా ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. తెరంతా ఆయన మొహమే. 'దేవుడా, నా బిడ్డని క్షమించు' అని అక్షరాలు పడ్డాయి. జనం ముక్కులు చీదుకున్నారు. ఒట్టీలియా మాత్రం కొయ్యబారిపోయింది. ఆ పెదవులు అన్నది అది కాదు.

"యోఖెన్... నీకు పదిహేడేళ్ళేరా. సైన్యంలో చేరతానంటే వద్దనాల్సింది పోయి సంతకం పెట్టాను. నేనే చంపుకున్నాను నాన్నా."

మూగ సినిమాలో నటుడు ఏమన్నా ఎవరికీ వినపడదు. ఆ ధైర్యంతోనే అన్నాడు. భార్య ఇక తన సినిమాలు చూడదనుకున్నాడు, పాపం.

"ఏమైందమ్మా?" అంది గెర్డా, తల్లి మొహం చూసి కంగారుపడి.

"మీ నాన్న..." అంటూ లేచి ఇంటిదారి పట్టింది.

సాయంత్రం ఆల్విన్ వచ్చేసరికి ఆమె మెట్ల మీదే నిలబడి ఉంది.

"బయల్దేరుతున్నావా?" అన్నాడు నీరసంగా.

ఒట్టీలియా ఆయన మొహం రెండు చేతుల్లోకి తీసుకుంది.

"మీరు సంతకం పెడుతుంటే సిరాబుడ్డి తెచ్చి ఇచ్చింది నేను. ఇన్నాళ్ళూ ఆ పాపం మీరొక్కరే మోశారా?"

ఆయన కళ్ళు పెద్దవయ్యాయి. తను ఏ సినిమాలో ఏమన్నాడో గుర్తొచ్చింది కాబోలు, మెట్ల మీద కూలబడిపోయాడు. ఆమె కూడా పక్కనే కూర్చుంది, ఆయన మొహం మీంచి చేతులు మాత్రం తీయలేదు.

"యోఖెన్" అన్నాడు ఆల్విన్.

ఆమెకు వినపడలేదు. అరచేతుల్లో ఆయన దవడలు వణికాయి.

"మళ్ళీ అనండి" అంది ఏడుస్తూ.