మైదానం అద్దెకు ఇవ్వబడును

మిట్టమధ్యాహ్నం... సూర్యుడు నడినెత్తిన నిప్పులు చెరగవలసిన వేళ! కానీ ఆకాశాన్ని కాటుకకొండల్లాంటి కారుమేఘాలు కబళించాయి. దిక్కులు పిక్కటిల్లేలా ఉరుము... ఆ వెంటనే, పట్టపగలు, గుడ్లగూబ కూత! రాత్రి డ్యూటీ పక్షికి పగటి డ్యూటీ ఎవరు వేశారని కారు దిగిన ఆ తండ్రీకూతుళ్లు ఆలోచించలేదు. ఆలోచించే ఓపిక వాళ్లకు ఎప్పుడో అయిపోయింది.

ఆయన బస్సు డ్రైవరు. ఆమె దర్జీ. పెళ్లి దగ్గర పడింది. హాలు మాత్రం దొరకలేదు. దొరికిన హాలేమో బంధువులకు చాలదు. ఇక గుడారం వేసి చేయడమే గతి అని ఊరి చుట్టూ ఖాళీ జాగాల కోసం తిరిగి తిరిగి, ఇద్దరి కళ్లూ కళ తప్పి, చివరికి ఈ బోర్డు ముందు ఆగారు: 'మైదానం అద్దెకు ఇవ్వబడును'.

విశాలమైన నేల. ఒక్క గడ్డిపరక లేదు. మూలన రేకుల గది. అందులో విరిగిన చేతుల కుర్చీ, నల్లటి బల్ల, బల్ల మీద... ఒక కపాలం! నవ్వడానికి పెదవులు అక్కర్లేదని నిరూపిస్తున్నట్టు అది నవ్వుతోంది. కుర్చీలో ముడతలు పడిన శరీరంతో స్థలం ఆసామి. ఆసామి అనుకున్నారు పాపం... వాడు ఆ సామి! క్షుద్రవిద్యలో ఆరితేరిన మాంత్రికుడు!

"ఏం కావాలి?" గుహలోంచి వచ్చినట్టుంది గొంతు.

"మైదానం కావాలండీ. మా అమ్మాయి పెళ్లికి."

"నాకూ అదే కావాలి," అన్నాడు వాడు, అమ్మాయిని ఎగాదిగా చూస్తూ.

డ్రైవరు నవ్వాడు. "బయట అంత పెట్టుకుని మళ్లీ ఎందుకండీ?"

"నాది పాతబడిపోయింది. మైదానానికి మైదానం... ఒప్పుకుంటావా?"

"అంటే... అద్దె వద్దా?"

"మైదానమే అద్దె."

పెద్దాయనకు మతి చలించిందనుకున్నాడు డ్రైవరు. మనసు మార్చుకునేలోపు ఖాయం చేసుకోవాలనుకున్నాడు. "ఒప్పుకున్నానండీ!"

కపాలం దవడ టక్కున మూసుకుంది!

ఎన్నో వంకర దారులు చూసిన డ్రైవరు ఆ వంకర మాటను చూసుకోలేదు. మై అంటే ఒళ్లు. దానం అంటే దానమే. తండ్రి నోటితో కూతురి ఒళ్లు దానమైపోయింది! అదే క్షణంలో ఆమె చిటికెనవేలు మొద్దుబారింది.

ఇంటికి వచ్చాక మొద్దుతనం మణికట్టు దాటింది. మోచేయి దాటింది. పెళ్లిబట్టలు కుడుతుంటే సూది బొటనవేల్లోకి దిగింది. ఆమె దానివంక చూసి, మెల్లగా లాగేసి, మళ్లీ కుట్టడం మొదలుపెట్టింది. అప్పుడే లోపలికి వచ్చింది మేనత్త. గుడారాలు వేయించడం ఆమె వృత్తి, నోరు వేయడం ఆమె ప్రవృత్తి.

"ఏమే, నెత్తురు కారుతోంది! నొప్పి లేదుటే?"

"సూది గుచ్చుకుంది అత్తా. ఇంకెవరికో గుచ్చుకున్నట్టుంది."

ఎప్పుడూ గోల చేసే మేనత్త గొంతు తగ్గింది. "అన్నయ్యా, ఆ జాగా మనిషి ఏమన్నాడు? ఒక్క అక్షరం వదలకుండా చెప్పు."

ఆయన చెప్పాడు. ఆమె పలికి చూసుకుంది. "మైదానం... మై... దానం... ఓరి నీ నోరు పడిపోనూ! చూడకుండా సంతకం పెట్టేవాళ్లను చూశాను గానీ, వినకుండా మాటిచ్చేవాణ్ణి నిన్నే చూశాను!"

డ్రైవరు పరుగున వెళ్లి మాంత్రికుడి కాళ్ల మీద పడ్డాడు. వాడు వికటాట్టహాసం చేశాడు. "మాట నేల విన్నది! నీ గుడారం నడిమి గుంజ లేచిన క్షణాన నీ కూతురి ఒంట్లో నేనుంటాను! గుంజ లేపకపోయావా... ఆ ఒంట్లో ఎవ్వరూ ఉండరు! మీరు నా జాగాలో ఒక్క పూట, నేను నీ పిల్లలో ఒక జీవితకాలం... బేరం బాగుంది కదూ?"

ఆయన తిరిగొచ్చేసరికి కూతురు మెడ దాకా మొద్దుబారి, గోడవైపు చూస్తూ కూర్చుంది. "కాబోయే అల్లుడు ఫోన్ చేశాడమ్మా, మాట్లాడవూ?" అంటే తలతిప్పింది. ఆ పెదవుల మధ్య నుంచి... గుహలోంచి వచ్చినట్టున్న గొంతు! "గుంజ ఎప్పుడు లేపుతున్నారు...?"

తండ్రి ఏడవలేదు. అల్లుడి ఫోన్ కట్ చేసి, దాన్ని అలా చేతిలో పట్టుకునే ఉన్నాడు.

మర్నాడు మళ్లీ మధ్యాహ్నం. మళ్లీ ఆ ప్రళయకాల మేఘాలు, ఆ ఉరుములు, ఆ గుడ్లగూబ కూత! మైదానం మధ్యలో నేలమీద పడుకోబెట్టిన పొడవాటి గుంజ, దాని పక్కన కుర్చీలో కదలని పిల్ల. కపాలాన్ని గుండెకు హత్తుకుని, కళ్లు ఎర్రబారి, మంత్రాలు జపిస్తూ మాంత్రికుడు! మెరుపుల వెలుగులో ఆ పుర్రె కంటిగుంటల్లో ఏదో కదిలింది...

మేనత్త ఒక చేత్తో ఇనుపమేకు, మరో చేత్తో సుత్తి పట్టుకుని వాడి ముందు నిలబడింది.

"లేపండి గుంజ!" గర్జించాడు వాడు.

"లేపుతాం దొరా. మేకు దిగకుండా గుంజ నిలబడదు కదా. మేకు కొట్టేముందు జాగా ఆసామిని అడిగి కొట్టడం మా పనిలో పద్ధతి. లేకపోతే తర్వాత పేచీలు."

"అడిగి చావు!"

"ఈ మైదానం ఎవరిది?"

"నాది! ఇంకెవడిదనుకున్నావే!"

"ఇచ్చిందెవరు?"

"నేనే! నేనే ఇచ్చాను మైదానం!!"

ఉరుము సగంలో ఆగిపోయింది. గుడ్లగూబ నోరు మూసుకుంది. తానన్న మాట తనకే అర్థమై, వాడి ముఖంలో అహంకారం కరిగి భయం మిగిలింది...

తండ్రి ఇచ్చింది కూతురి ఒళ్లు. అది ఆయన సొత్తు కాదు. వీడు ఇచ్చింది తన ఒళ్లు, తన సొత్తు! మాట విన్న నేల దగ్గర చెల్లే దానం అదొక్కటే! ఎవరికని వాడు అనలేదు గనుక, అది విన్న నేలకే దక్కింది!

"కాదు... నేనన్నది ఈ జాగా... జాగా మాట..."

"జాగా మాట సరే, నువ్వే జాగ్రత్తగా మాట్లాడాల్సింది!" అంటూ మేనత్త సుత్తి ఎత్తింది. మేకు నేలలో దిగింది. భూమి నోరు తెరిచింది! ఏ మంత్రానికీ లొంగని ఆ మహాశక్తి, తనకు దానమిచ్చిన దాన్ని పాదాల నుంచి పుచ్చుకోసాగింది. మోకాళ్లు... నడుము... కంఠం... "వద్దూ...!" అన్న ఆర్తనాదం మట్టిలో కూరుకుపోయింది. కపాలం పెటిల్లున పగిలి పిండైపోయింది. నేల మళ్లీ మూసుకుంది.

మేనత్త సుత్తి కింద పెట్టింది. గుంజను ఆమె పనివాళ్లు లారీకెక్కించారు.

వాన మొదలైంది. పెద్ద పెద్ద చినుకులు. కూతురు కుర్చీలోంచి మెల్లగా లేచి, రెండు అరచేతులూ చాచి, వాటి మీద నీళ్లు పడటం చూస్తూ నిలబడింది.

"తడిసిపోతున్నావమ్మా," తండ్రి గొడుగు విప్పాడు. "కారులోకి రా. మాట్లాడుకుందాం."

"ఉండు నాన్నా," అందామె, తన గొంతుతోనే. "ఇంకా చల్లగా అనిపించట్లేదు. అనిపించాక వస్తాను."

ఆయన గొడుగు ముడిచి, ఆమె పక్కన తడుస్తూ నిలబడ్డాడు.