మూడో పిలుపు

“ఈ తాడు తెగితే ఏం గతి? ఇంగొగసారి చూడు అంకన్నా. లోపల పాములుంటాయి, గాలి ఆడదు. దానికి తోడు వాన గూడా వచ్చేట్టుంది!”

గుహ ఇంకా కనబడనేలేదు, గురవమ్మ భయాలు అప్పుడే మొదలయ్యాయి. ముందు నడుస్తున్న చెంచు అంకన్న వెనక్కి తిరిగి నవ్వాడు. “తెగదులే అక్కా. నీ నోటికి భయపడి అదే గట్టిపడతాది.”

వెనక ఆమె కూతురు నీలవేణి గడియారాల సంచి మోస్తూ నడుస్తోంది.

ఇరవై ఎనిమిదేళ్ల కిందట ఈ నల్లమల గుహలోనే గురవమ్మ కొడుకు ఓబులేసు మాయమయ్యాడు. పాడుబడ్డ కోటలో దొరికిన రాగిరేకు మీది గుర్తులు పట్టుకుని గుప్తనిధి కోసం దిగాడు. అప్పుడతనికి ఇరవై రెండేళ్లు. అంతలో కుండపోత వాన మొదలైంది. గురవమ్మ గుహ నోట నిలబడి రెండుసార్లు పిలిచింది. జవాబు లేదు. లోపల నీళ్లు హోరెత్తాయి. అంకన్న ఆమెను బలవంతాన గట్టు మీదికి లాగాడు. ఆమె మూడోసారి పిలవలేదు. ఆ తర్వాత లోపలి మడుగు దాటి ఎవరూ పోలేకపోయారు.

అప్పుడు తొమ్మిదేళ్ల పిల్లగా ఉన్న నీలవేణి పెరిగి శాస్త్రవేత్త అయింది. పన్నెండు ఎండాకాలాలు ఆ మడుగు ఒడ్డున గడిపింది. మడుగు నిండుగా ఉన్నన్నాళ్లూ అవతల చీకటి తప్ప ఏమీ కనబడేది కాదు. వెదురుగడకు గడియారం కట్టి మడుగు మీదికి చాచేది. ఒడ్డున ఎండాకాలమంతా గడిస్తే గడ కొనన ఒక్క సెకనే గడిచేది. “నీ గడియారంలోకి నీళ్లు పోయింటాయి,” అని తోటివాళ్లు నవ్వారు. కానీ మడుగు తగ్గేకొద్దీ ఆ తేడా తగ్గుతోందని ఆమె కనిపెట్టింది. ఈ ఏటి కరువుకు మడుగు చీలమండ లోతుకు దిగింది. వాన పడితే మళ్లీ నిండుతుంది. అదే ఆమె తొందర.

అంకన్న పైన తాళ్లు పట్టుకున్నాడు. తల్లీకూతుళ్లు నడుములకు చెరో తాడు బిగించుకుని జారుడు రాళ్ల మీదుగా దిగారు. టార్చి వెలుగులో తెల్లటి సున్నపురాతి మండపం తెరుచుకుంది. మడుగు మీద గాలిలో నీటిబొట్లు వేలాడుతున్నాయి, దారం లేని ముత్యాల దండలా! ఒక గబ్బిలం రెక్క విప్పి, విప్పినట్టే ఆగిపోయింది. అవతలి అరుగు మీద కాగడా మంట, చెక్కిన బొమ్మలా కదలకుండా వెలుగుతోంది. దాని కింద బంగారు నాణేల గంగాళం. గంగాళం మీద చెయ్యేసి, తల కొద్దిగా గుహ నోటివైపు తిప్పి...

“ఓబులేసూ!” గురవమ్మ గొంతులోనే అంది. ఆ రోజు వేసుకున్న నీలి చొక్కానే. ఒక్క వెంట్రుక నెరవలేదు.

“పోయి పట్టుకొద్దాం పా!”

“వద్దుమా!” నీలవేణి ఆపింది. “నేను అడుగు పెడితే నాకు నిమిషమే, నీకు ఏండ్లు. తిరిగొచ్చేసరికి నువ్వుండవు. నువ్వే పిలువు. అన్న చెవి ఇట్లా పెట్టినాడు చూడు. నీ పిలుపులు రెండూ విన్నాడు.”

“వింటే పలకడా?”

“మాకు నేర్పింది నువ్వే గదమా! అడవిలో రెండు పిలుపులకు పలకగూడదు, అది గాలో దయ్యమో, మూడోసారి పిలిస్తేనే మనిషి అని. నువ్వు మూడోసారి పిలిచినావా?”

గురవమ్మ తల అడ్డంగా ఊపింది. “మూడోసారికీ పలక్కపోతే... వాడు లేడనే గదా పాపా. అందుకే పిలవలేకపోతి.”

పైన ఉరుము. “వాన దిగింది, పైకి రండి!” అని అంకన్న కేక. గోడల వెంట నీళ్లు పాకుతున్నాయి. గురవమ్మ రెండు చేతులూ నోటికి దోసిలి పట్టింది.

“ఓబులేసో...!”

కేక మండపమంతా తిరిగింది. నీలవేణి తన నడుము తాడు విప్పి, కొనకు రాయి కట్టి మడుగు మీదుగా విసిరింది. మడుగు దాకా రివ్వున పోయిన తాడు అక్కడినుంచి ఆకు తేలినట్టు నింపాదిగా అరుగు వైపు సాగింది. కాగడా మంట ఒక్కసారి రెపరెపలాడింది. అంతే, నీళ్లు మోకాళ్లకు ఎగబాకాయి.

“లాగు అంకన్నా!”

నీలవేణి తల్లిని కరిచి పట్టుకుంది. గురవమ్మ తాడు మీదే ఇద్దరూ రాళ్లకు కొట్టుకుంటూ పైకి వచ్చారు. వెనక మండపం నిండిపోయింది.

నీలవేణి విసిరిన తాడును అంకన్న చుట్టబోతే గురవమ్మ అడ్డుపడింది. “తీయొద్దు! దాన్ని ముట్టుకుంటే నా మీద ఆన.” తాడు ఒళ్లో పెట్టుకుని గుహ నోట కూర్చుంది. చలి పడతాదేమో, తాడు నానిపోతాదేమో, బిడ్డ చేతికి అందలేదేమో అని పైకే అనుకుంటూ కూర్చుంది. “నీళ్లు నిలిచేదాకా కాలం పూర్తిగా ఆగదు. మనకు దినాలు మా. అన్నకు ఒక గుక్క ఊపిరి,” అంది నీలవేణి. రెండోరోజు గురవమ్మ వానలోనే కూర్చుంది, తాడు వదల్లేదు. మూడోరోజు అంకన్న తెచ్చిన తేనె ముట్టలేదు.

నాలుగోరోజు పొద్దున ఆమె ఒళ్లో తాడు బిగిసింది.

ముగ్గురూ లాగారు. గుహ నోట నీళ్లు పగిలాయి. ముందు రెండు చేతులు వచ్చాయి, తాడు తప్ప మరేమీ లేని చేతులు. తర్వాత నీలి చొక్కా. అతను రాతి మీద బోర్లా పడి దగ్గాడు. తల్లి తెల్లజుట్టు ఇంకా చూడలేదు, కళ్లు మూసుకునే ఉన్నాడు. గురవమ్మ పేరు పెట్టి పిలవబోయి ఆగి, అతని వీపు మీద చెయ్యేసింది.

“ఓ... పలికినా లే మా,” అన్నాడు ఓబులేసు. “మూడోసారి ఎప్పుడు పిలుస్తావా అని చూస్తాంటి.”