పాట కింద దాగని మాట

తొలి చూపులోనే ప్రేమ పుడుతుందనే వాదానికి ఇంతవరకు గట్టి ఆధారం దొరకలేదు. తెలుగు నేతకార్మికుల బస్తీ డిండోలిలో, పరుశురాం ఎడిటింగ్ గదిలో తొలి మాటకే పుట్టింది మాత్రం తగువే.

"మా అక్క పెండ్లి వీడియోల గా షాట్ ఎందుకు వెట్టినవ్?" తలుపు తోసుకొచ్చిన ఊర్మిళ నిలదీసింది.

"ఏ షాట్?" అన్నాడు పరుశురాం.

"నేను నా దోస్తుతోని మాట్లాడేది."

"నవ్వుకుంట మంచిగున్నవని పెట్టిన. మాటలు దీసేసి పైన పాటేసిన గదా! ఎవలకు ఇనవడ్తది?"

"మావోళ్లకు చెవులెందుకయ్యా? పెదవులు జూసి బస్తీ మొత్తం చదివేసింది!"

మరమగ్గాల హోరులో మాట వినబడదు. అందుచేత అక్కడ పనిచేసేవారు పెదవుల కదలికను చూసే సంభాషిస్తారు. ఇందులో మహిమ ఏమీ లేదు, ఉన్నది అభ్యాసమే. తండ్రి బుచ్చిరాములు నడిపే మగ్గాల పక్కన బాబిన్లకు దారం చుట్టే ఊర్మిళకు ఆ విద్య బాగా తెలుసు. ఏనాడూ మగ్గాల షెడ్డులో పనిచేయని పరుశురాంకు తెలియదు.

"ఇంతకు ఏమన్నవ్?"

ఆమె చెవులు ఎర్రబడ్డాయి. "పెండ్లికొడుకు కంటె కెమెరా పట్టుకున్నోడే మంచిగున్నడన్న."

కెమెరా పట్టుకున్నదీ అతడే. క్షమాపణ చెప్పబోయి, నవ్వేశాడు. "అబద్ధమైతే కాదు గదా!"

"అద్దంల జూసుకున్నవా ఎన్నడన్న?" తలుపు ధడాలున మూసుకుంది.

పెళ్లి వీడియోలతో కాలం గడుపుతున్న అతనికి ఆ నెలలోనే తొలి సినిమా దొరికింది. నేతకార్మికుల కథ అది. నిజమైన కార్మికులే మగ్గాల మధ్య తోచినట్లు మాట్లాడిన కీలక సన్నివేశంలో హోరు తప్ప ఏదీ రికార్డు కాలేదు. కోసెయ్యమన్నాడు దర్శకుడు. కోసేస్తే సినిమాకు ప్రాణం పోతుందని, తన పేరూ దానితోనే పోతుందని పరుశురాంకు తెలుసు.

మరునాడు బుచ్చిరాములు ముందు నిలబడ్డాడు. "కాకా, జర నీ బిడ్డ మదద్ గావాలె. సినిమాల పెదవులు జదివి చెప్పాలె."

"నా ఇజ్జత్ దీసిన ఇద్దెనే నీకు పనికొచ్చిందా?" అంటూనే తండ్రిని వెంటబెట్టుకుని ఎడిటింగ్ గదికి వచ్చింది ఊర్మిళ.

సన్నివేశంలోని కార్మికుల పెదవులు చదివి ఆమె చెప్పింది. అతడు ఆ మాటలను తెరమీద అక్షరాలుగా వేశాడు.

"ఆగు!" అంది ఊర్మిళ. "గా మగ్గం కాడి ముసలాయన మొఖం ఇంకా జరసేపు ఉండనియ్."

ఉంచాడు. అప్పటినుంచి ఆమెను అడగకుండా ఏ షాటూ కోయలేదు.

సినిమా పూర్తయ్యాక డిండోలి హాలులో మగ్గాలవాళ్ల కోసం వేశారు. ఆ సన్నివేశం వచ్చినప్పుడు ఎవరూ దగ్గలేదు కూడా. చివర 'ఎడిటింగ్: పరుశురాం' అన్న అక్షరాలు కనబడగానే హాలు ఈలలతో దద్దరిల్లింది. "నా వచ్చే సినిమా గూడ నీదే!" అని దర్శకుడు అతణ్ని వేదికమీదికి లాగాడు.

ఆ గోలలో ఎవరికీ వినబడదనే ధైర్యంతో, ముందు వరుసలోని ఊర్మిళను చూస్తూ పెదవులు మాత్రమే కదిపాడు: "నన్ను చేసుకుంటవా?"

చప్పట్లు ఠక్కున ఆగిపోయాయి. తలలన్నీ ఊర్మిళ వైపు తిరిగాయి.

ఆమె తండ్రిని చూసి తల ఊపింది. బుచ్చిరాములు లేచి, గొంతు విప్పకుండానే ఏదో అన్నాడు. హాలంతా కేరింతలు.

పరుశురాం అయోమయంగా చూశాడు. "ఏమన్నడు?"

"గిన్ని దినాలైనా నీకు చదువ రాకపాయె!" ఊర్మిళ అందరికీ వినబడేలా అరిచింది. "మీ అవ్వను దోల్కొని రేపు పెండ్లి మాటలకు ఇంటికి రమ్మంటుండు. నేను గూడ గదే అంటున్న!"