గురుగ్రహం మీద ఎర్రమచ్చ

మన సొన్నప్పను లాకప్పులో కొట్టి చంపినారు. శవాన్ని ఇంటికి కూడా ఇవ్వలేదు.

ఈ మాట తిమ్మరాయప్ప కబ్బన్‌పేటలో మగ్గాల చప్పుడు నడుమ చెప్పినాడు. ఆ చప్పుడులో మాట గోడ దాటదు. 1943. క్విట్ ఇండియా అన్నోళ్ళలో సగం మంది జైల్లో ఉండారు, మిగతా సగం అండర్‌గ్రౌండ్. ఆ అండర్‌గ్రౌండ్‌కు బెంగళూరు బాస్ తిమ్మరాయప్ప. అతని ముందు నిలబడినవాడు ఏజెంట్ మునిరాజు. పోలీసులు వెతుకుతున్న మనిషి. ఆదివారం సాయంత్రాలు దొంగ మీసం, పవర్ లేని కళ్ళద్దాలు పెట్టుకొని తెర మీద బొమ్మలు వేసే మ్యాజిక్ లాంతరు ఆపరేటర్ అయిపోతాడు.

"టార్గెట్ భాగీరథమ్మ" అన్నాడు తిమ్మరాయప్ప.



భాగీరథమ్మ ప్రతి ఆదివారం పేటలో ఒక హాల్లో తెర కట్టి గ్రహాల గురించి ఉపన్యాసం చెప్తుంది. జార్జెట్ చీర, పెదవులకు రంగు, దండు కంటోన్మెంటులో దొరల క్లబ్బులో టీ. సీఐడీ దొర హార్విల్ ఆమెను తన ఇన్‌ఫార్మర్ అనుకుంటాడు. ఆమె వాడికి అబద్ధాలు మోసి, వాడి ప్లాన్లు ఇటు తెస్తుంది. డబుల్ ఏజెంట్. పోలీసుల వల ఉందో లేదో గాజు స్లైడు మీద గురుగ్రహం బొమ్మలో దాచి తెర మీద చూపిస్తుంది. వెనక వరసలో మనవాళ్ళు చూసుకొని లేచిపోతారు. ముందు వరసలో హార్విల్ చప్పట్లు కొడతాడు.

పోయిన ఆదివారం ఆమె సిగ్నల్ 'రండి' అంది. పోయినోళ్ళందరూ దొరికిపోయినారు. సొన్నప్ప చచ్చిపోయినాడు.

ఆ సిగ్నల్ ఏందని మునిరాజు అడిగినాడు.

"అది నీకెందుకప్పా? ఎవరి పని వాళ్ళది. రూలు" అని తిమ్మరాయప్ప ఒక కోటు గుండీ చేతిలో పెట్టినాడు. గుండీ లోపల బోలు. బోలులో నిదానంగా పనిచేసే మందు. "నువ్విచ్చే కాఫీ ఆమె తాగుతాది. ఇంకెవరిచ్చినా ముట్టదు."

అది నిజమే.  ఆమెను అతను ప్రేమించినాడు. నోరు తెరిచి చెప్పలేదు. సొన్నప్ప ముఖం గుర్తొచ్చింది. గుండీ తీసుకున్నాడు.

ఆదివారం హాలు నిండింది. తెర వెనక భాగీరథమ్మ అతనిచ్చిన కాఫీ గటగటా తాగేసింది. "చికోరీ ఎక్కువేసినావు" అని గ్లాసు కింద పెట్టి, స్లైడు అతని చేతికిచ్చింది.

"ఈసారి చుక్క అంటించినాను. పోయిన వారం మాదిరి తిప్పద్దు."

లాంతర్లో స్లైడు తలకిందులుగా పెడితేనే తెర మీద నేరుగా పడుతుంది. ఏ మూల ఎటో తెలియడానికి స్లైడు మీద ఒక కాగితం చుక్క ఉంటుంది. పోయిన వారం తొందరలో ఆమె అది అంటించలేదు. మునిరాజు చూస్తే ఎర్రమచ్చ కిందికి వచ్చేట్టుంది. ఆమె దగ్గరుండే గ్రహాల బుక్కులో బొమ్మకు మచ్చ పైన ఉండాది. సిగ్నల్ రంగుల్లో ఉంటాదని అతని లెక్క. పాపం రాంగుగా గీసిందని, తిప్పి పెట్టినాడు. సాయం చేసినాననుకున్నాడు.

"బుక్కులో పైనే కదా" అన్నాడు.

"దుర్భిణిలో అన్నీ తలకిందులు, మునిరాజూ. చూసింది చూసినట్టు గీసినారు." ఆమె గొంతు తగ్గించింది. "రూలు మీరి చెప్తా ఉండాను. మచ్చ పైనుంటే రండి. కిందుంటే రావద్దు. నువ్వు తిప్పినావు. నేను సరిచేసేలోగా సొన్నప్ప లేచిపోయినాడు."

"మరి తిమ్మరాయప్పకు ఎందుకు చెప్పలేదు?"

"చెప్తే నిన్ను బతకనిస్తారా?"

మునిరాజు ఖాళీ గ్లాసు వైపు చూసినాడు. ఆమె అతని ముఖం చూసింది, తర్వాత గ్లాసు చూసింది. ఎవరూ విడమరిచి చెప్పాల్సిన పని లేకపోయింది.

జట్కా తెస్తాను, ఆస్పత్రికి పోదామని ఆమె చెయ్యి పట్టుకున్నాడు. ఆమె విడిపించుకుంది. హెబ్బగోడి దగ్గర పట్టుపురుగుల షెడ్డు చుట్టూ పోలీసు లారీలు కాచుకొని ఉండాయంట. ఈ రాత్రి మీటింగు అక్కడే. షో ఆగితే హార్విల్‌కు అనుమానం. బొమ్మ పడకపోతే అందరూ ఆ షెడ్డుకే పోతారు. ఇంత చెప్పి, పెదవులకు మళ్ళీ రంగు దిద్దుకొని, తెర ముందుకు పోయింది.

మొదట ఒక పెద్దాయన లేచి, మా అమ్మాయికి గురుబలం ఎప్పుడొస్తుందమ్మా అని అడిగినాడు. హాలంతా నవ్వింది. ఆమె కూడా నవ్వి, ఆ గురుడికి మన పెళ్ళిళ్ళతో పని లేదండీ అంది. అది నేలే లేని గ్రహమని, అంతా గాలి, మబ్బులేనని చెప్పింది. వెన్న రంగు పట్టీలు, వాటి నడుమ గోధుమ, ఇటుక రంగు పట్టీలు. అమ్మోనియా మబ్బులంట. ఆ ఎరుపు దేనివల్లో ఇంతవరకు ఏ పండితుడికీ తెలియదంట.

వెనక వరసలో నంజప్ప విసుగెత్తి లేచినాడు. అతనే మిగతా వాళ్ళను షెడ్డుకు తీసుకుపోవాల్సిన మనిషి. పోయిన వారం సిగ్నల్ వల్ల ఆమెను నమ్మడం మానేసినాడేమో, తెర వైపు కూడా చూడకుండా తలుపు దాకా పోయినాడు.

మునిరాజు చుక్క చూసుకున్నాడు. స్లైడు తోసినాడు.

భాగీరథమ్మ గొంతు ఒక్కసారి పెంచింది. "ఆ మంట రంగు చూసి కాలిపోతా ఉందనుకుంటారు. కాదు. సున్నాకు నూట ముప్పై డిగ్రీలు కింద. రంగు చూసి వేడి చెప్పద్దండి."

ఆ గొంతుకు నంజప్ప గడప మీద వెనక్కి తిరిగినాడు. ఎర్రమచ్చ కింద ఉంది. ఒక క్షణం నిలబడినాడు. తర్వాత సైగగా తల గోక్కున్నాడు. వరసలో కూర్చున్న నలుగురూ లేచి తలా ఒక దిక్కు పోయినారు. హెబ్బగోడి దిక్కు ఎవరూ పోలేదు.

హార్విల్ గడియారం చూసుకొని, తృప్తిగా చప్పట్లు కొట్టినాడు.

ఆస్పత్రి దారిలో ఆమె జట్కాలో అతని ఒళ్ళో పోయింది. దొంగ మీసం కన్నీళ్ళకు ఊడి ఆమె చీర మీద పడింది. ఆమె ఒళ్ళు చల్లబడిపోతుంటే మునిరాజు చేతులు పట్టి రుద్దుతా, ఇన్నాళ్ళూ చెప్పని మాట చెప్తా ఉన్నాడు. వినిందో లేదో తెలియదు.

మరుసటి రోజు హార్విల్ పూలచక్రం పంపినాడు, విజ్ఞాన ప్రచారానికి తీరని లోటని రాసి. కబ్బన్‌పేటలో మగ్గాల నడుమ కమిటీ కూర్చుంది. మునిరాజు జరిగింది జరిగినట్టు చెప్పి, నన్ను ఏమైనా చెయ్యండి అన్నాడు.  తిమ్మరాయప్ప, ఇకమీదట లాంతరు ఆపరేటర్‌కు కూడా కోడ్ చెప్పాలని తీర్మానం పెట్టినాడు. ఏకగ్రీవంగా నెగ్గింది.