మిగిలిన మూడు పేజీలు

పుస్తకం రాసేవాళ్ళకు వేళ్ళు నొప్పి పెడతాయి. టైప్ చేసేవాడికి ప్రాణం మీదికొస్తుంది. ఈ సంగతి నాకు కిషన్ రావు తాత వల్ల తెలిసింది.

హనుమకొండ చౌరస్తాలో మెట్లెక్కి వస్తే నా డీటీపీ షాపు. పెండ్లి పత్రికలు, స్టూడెంట్ల ప్రాజెక్టు రిపోర్టులు చేసుకుంటూ హాయిగా బతుకుతున్నవాణ్ణి. వరంగల్‌లో యాభై ఏళ్ళు బట్టల దుకాణం నడిపి రిటైరైన ఆ తాత, జూన్ నెలలో ఆరు నోటుబుక్కులు చంకలో పెట్టుకుని వచ్చాడు. పుస్తకం పేరు 'నా బతుకు, నా భక్తి, నా వంశం, నా ఓరుగల్లు'.

"నాలుగు 'నా'లు ఎక్కువైనయేమో తాతా" అన్నాను.

"తక్కువైతె చెప్పు, ఇంకోటి పెడ్త" అన్నాడు.

మొదటి భాగం నలభై జీవిత పాఠాలు. రెండోది పూజలు, యాత్రలు. మూడోది ఏడు తరాల వంశవృక్షం. నాలుగోది కాకతీయుల చరిత్ర. కాకపోతే ఆ చరిత్ర తాత ఇంట్లో తప్ప ఎక్కడా జరగలేదు.

మొదటి ప్రూఫు ఇంటికి పంపిన మర్నాడు జోరు వాన. ఒకమ్మాయి తడిసిన గొడుగును నా ప్రింటర్ మీదే పెట్టి, ప్రూఫు కాగితాలు నా ముఖం ముందు ఆడించింది.

"ఇది టైప్ చేసింది ఎవరు?"

"నేనే. శశాంక్. ముందు ఆ గొడుగు తీయండి మేడం."

"నేను సౌమ్య, కిషన్ రావు గారి మనవరాలిని. డిగ్రీ కాలేజీల హిస్టరీ చెప్త. మా తాతల తాత పట్టుచీర తీసుకపోతే రుద్రమదేవి చూసి 'శభాష్ సేటూ' అన్నదా? మీరు దీన్ని టైప్ చేసిన్రా?"

"టైప్ చేసింది నేనే మేడం. అన్నది మాత్రం ఆమె."

"ఏడు వందల ఏండ్ల కింద శభాష్ ఏంది, సేటు ఏంది?"

"అప్పుడు నేను లేను మేడం."

ఆమె నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు. పర్సులోంచి ఆకుపచ్చ పెన్ను తీసి అక్కడే నిలబడి పద్నాలుగు చోట్ల కొట్టేసింది. వెళ్తూ వెళ్తూ గొడుగు మర్చిపోయి, వానలోంచి మళ్ళీ వచ్చి తీసుకుంది. అప్పుడు మాత్రం కొంచెం నవ్వింది.

ఆ రోజు నుంచి మొదలైంది నా ఖర్మ. తాతది ఎర్ర పెన్ను, మనవరాలిది ఆకుపచ్చ పెన్ను. ఆయన కలుపుతాడు, ఈమె కొట్టేస్తుంది, నేను టైప్ చేస్తాను. "తాత ఏమన్నడు?" అని ఈమె, "పోరి ఏం కొట్టేసింది?" అని ఆయన. రెండు నెలల్లో పన్నెండు ప్రూఫులు! ఇంత చిరాకులోనూ ఆమె రాని రోజు నాకు పని సాగేది కాదు. అది ఒప్పుకోవడం ఇంకో చిరాకు.

పన్నెండో ప్రూఫుకు ఇద్దరూ కలిసి వచ్చారు.

"ఆధారం చూపియ్యి తాతా, ఉంచుదాం" అంది సౌమ్య.

"మా నాయిన చెప్పిండు. గంతకన్న ఆధారం ఏం గావాలె?"

గంటసేపు కొట్లాడుకున్నాక రుద్రమదేవి మూడు పేజీలూ పోయాయి. తాత ముఖం మాడిపోయింది. అప్పుడు నేను చెప్పక తప్పలేదు.

"తాతా, పదహారు పేజీలు ఒక ఫారం. మన పుస్తకం తొమ్మిది ఫారాలు, నూట నలభై నాలుగు పేజీలు. ఇప్పుడు మూడు తీసేసినం గదా, చివర మూడు పేజీలు ఖాళీగ వస్తయ్."

"ఖాళీగనా? బట్టల దుకాణం నడిపినోన్ని, జానెడు ముక్క ఎన్నడన్న పారేసిన్నా? ఏమన్న నింపు!"

"నానమ్మ గురించి రాయి" అంది సౌమ్య మెల్లగా.

"మీ నానమ్మ గురించా? రాయనీకి ఏముంటది?"

"నూట నలభై ఒక్క పేజీలల్ల నానమ్మ పేరు ఒక్కసారి కూడ లేదు. వంశవృక్షంల ఏడు తరాలు రాసినవ్, ఒక్క ఆడమనిషి లేదు. మీరంత ఎట్ల పుట్టిన్రు తాతా?"

"వంశవృక్షంల ఆడోళ్ళను రాయరు బిడ్డా. అది పద్ధతి."

"నానమ్మకు డెబ్బై నాలుగు. ఈ పుస్తకంల లేకపోతే ఇంక ఏ పుస్తకంల ఉంటది?" అని సౌమ్య కిటికీ వైపు తిరిగింది. కళ్ళు తుడుచుకుంటోంది.

నాకు ఎక్కడలేని కోపం వచ్చింది.

"తాతా, ఈ పుస్తకం నేను ప్రింటుకు పంప. వేరే షాపుకు పట్టుకపో."

"ఏంది పిలగా, నడుమ నీకేం నొప్పి?"

"పన్నెండు సార్లు చదివిన తాతా! నువ్వు అన్నం తిన్నవ్, వండినోళ్ళు లేరు. లారీ గుద్ది మంచంల పడ్డవ్, చూసుకున్నోళ్ళు లేరు. అంత నువ్వే. చదువుతుంటెనే సిగ్గైతాంది."

రెండు నెలల కష్టం పోయిందనుకున్నాను. తాత కర్ర అందుకుని లేచాడు.

"సరే. రేపు ఆమెనే తీసుకొస్త. మూడు పేజీలకు సరిపోయే ముచ్చట ఆమె కాడ ఉంటె రాసుకో. లేకుంటె నా రుద్రమదేవి నాకు గావాలె" అని కర్ర టకటకలాడించుకుంటూ దిగిపోయాడు.

మర్నాడు విజయలక్ష్మి నానమ్మ ఒక్కో మెట్టూ ఆగి ఆగి ఎక్కి వచ్చింది. కుర్చీ చివర కూర్చుని కొంగు సర్దుకుంది.

"నేనేం చెప్పాలె బిడ్డా? నాకేం తెల్వది."

సౌమ్య ముఖం పాలిపోయింది. తాత గెలిచినట్టు మీసం దువ్వుకున్నాడు. నానమ్మకు భయం పోతుందని నేనే పుస్తకంలోంచి తాత జీవిత పాఠాలు పైకి చదవడం మొదలుపెట్టాను.

"ఒకటో పాఠం. బట్టను బయట ఎండలో చూపించాలి. లైటు కింద రంగు మోసం చేస్తుంది."

"ఔ, నేనే చెప్పిన గది" అంది నానమ్మ.

"ఎవరికి?"

"ఈయనకే. కాలు ఇరిగి రెండేండ్లు మంచంల ఉన్నడు గదా, దుకాణంల నేనే కూసున్న. ములుగు నుంచి ఒకామె బిడ్డ పెండ్లికి ఎర్రచీర కొనుక్కపోయి, ఇంటికి పోయినంక రంగు వేరే కనవడితె ఏడ్సుకుంట మల్లొచ్చింది. గప్పటిసంది ఎండలనే సూపిచ్చేది."

నేను రెండోది చదివాను. ఏడుస్తూ వచ్చిన గిరాకీకి ముందు మంచినీళ్ళు ఇవ్వాలి, బట్ట తర్వాత.

"గది గూడ గామెతోటే ఎరుకైంది."

నలభై పాఠాలూ చదివేసరికి మధ్యాహ్నమైంది. ఇరవై ఆరు నానమ్మవి. ప్రతిదానికీ ఒక మనిషి, ఒక ఊరు, ఒక చీర. తాత మీసం మీది చెయ్యి ఎప్పుడో కిందికి దిగింది.

"మంచంల ఉన్నప్పుడు రోజు రాత్రి చెప్పేది" అన్నాడు గొణుగుతూ. "నేను చెప్పినయే అనుకున్న. నిజంగ నాయే అనుకున్న."

"పోనియ్యి. ఎవలు చెప్తె ఏంది?" అంది నానమ్మ.

"పోనియ్య!" తాత కర్రతో నేలను కొట్టాడు. "పిలగా, అట్ట మీద ముందు ఈమె పేరు వెయ్యి. నాది కింద."

"అట్ట మొన్ననే ప్రింటైంది తాతా!"

"మల్ల కొట్టియ్యి. ఆ మూడు పేజీలల్ల ఈమె ముచ్చట్లు పెట్టు. వంశవృక్షంల ఆడోళ్ళందర్ని రాయి. పేర్లు ఈమెకు ఎరుక."

నేను తల పట్టుకున్నాను. నానమ్మ మాత్రం నాలుగు తరాల కోడళ్ళనూ ఆడబిడ్డలనూ, చిలుకమ్మ, మొగిలమ్మ, శకుంతల అంటూ ఎక్కడా తడుముకోకుండా చెప్పింది. చివరికి తన పేరు టైప్ అవుతుంటే స్క్రీన్ దగ్గరికి వంగి, నేను ఆపేదాకా చూసింది.

వాళ్ళిద్దరూ మెట్లు దిగుతుంటే సౌమ్య వెనకే ఆగింది.

"నిన్న తాత మీద అంత కోపం ఎందుకు చేసిన్రు?"

"మీరు ఏడ్చిన్రు."

"ఏడిస్తే?"

"ఏడిస్తే నాకు... మేడం, పన్నెండు ప్రూఫులు! ఇంకెట్ల చెప్పాలె?"

"ముందు మేడం అనుడు బంద్ చేసి చెప్పాలె."

"నువ్వంటే నాకు ఇష్టం సౌమ్యా."

"గీ ముక్క మొదటి ప్రూఫుకే చెప్తే అయిపోతుండె గదా!"

"ఆ రోజు నన్ను చంపేటట్టున్నవ్."

"ఇప్పుడు కూడ చంపుత, ఆదివారం ఇంటికొచ్చి తాతకు చెప్పకపోతే" అంది. ముఖం నిండా నవ్వుతోంది.

ఆదివారం వెళ్ళాను. మడికొండలో మా నాయిన కిరాణా కొట్టు గురించి, నా షాపు గురించి, చివరికి సౌమ్య గురించి తాతకు ఒక్క గుక్కలో చెప్పేశాను. తాత కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. మళ్ళీ పెట్టుకున్నాడు. ఎన్ని దిద్దుబాట్లు చెప్తాడో అని నేను ఆయన జేబులో ఎర్ర పెన్ను కోసం చూస్తున్నాను.

ఆయన పక్కకు తిరిగాడు. "విజయా, నువ్వేమంటవ్?"

చిక్కుడుకాయలు ఒలుస్తున్న నానమ్మ చేతులు ఆగిపోయాయి.

"నన్నా?"

"నిన్నే."

"యాభై ఆరేండ్లకు అడిగినవ్. జర ఆలోచించుకోనియ్యి."

ఆలోచించింది. మహా తల్లి, ఎంతసేపు ఆలోచించింది! నా చాయ్ చల్లారిపోయింది. సౌమ్య "నానమ్మా!" అని గడప దగ్గర కాలు నేలకేసి కొట్టింది.

"పిలగాడు మంచోడు" అంది నానమ్మ చివరికి. "నీ తిట్లన్ని పడ్డడు, పని ఇడిచిపెట్టలె. కాని బతికేది పిల్ల. పిల్లనడుగు."

తాత మనవరాలి వైపు చూశాడు.

"నాకు ఇష్టమే తాతా" అంది సౌమ్య. కొట్లాటలో ఎప్పుడూ తగ్గని గొంతు, ఆ రోజు వినపడీ వినపడనట్టు వచ్చింది.

తాత మళ్ళీ భార్య వైపే తిరిగాడు. "పెండ్లి ఎప్పుడు పెట్టుకుందామంటవ్?"

ఈసారి నానమ్మ ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

"కార్తీకంల" అంది.